యుటోపస్ మహారాజు: అతని కాలువయు, అతని శాసనమును

చరిత్ర పాఠములయందు మనము చదువు రాజులకు జననమరణ సంవత్సరములు కలవు. వారు చెక్కించిన శాసనములు, వేయించిన నాణెములు నేటికిని దొరకుచున్నవి. ఇందు వర్ణింపబడు రాజునకు అట్టివి యేవియు లేవు. అతని పేరు యుటోపస్. అతడేలిన రాజ్యము ఏ భూపటమునందును కానరాదు. అయినను ఆ రాజ్యము పేరు గడచిన అయిదు శతాబ్దములుగా ఎన్నో భాషలలో వాడుకలో నున్నది. పత్రికలు చదువు అలవాటు గల పెద్దలు 'ఇదియంతయు యుటోపియా' యను మాటను వినియేయుందురు. వినుటకు ఇంపుగా నుండి, చేయుటకు వీలుగాని యాలోచనను అట్లు పిలుతురు. ఆ మాట వెనుక ఒక రాజు కలడనియు, అతని పనులలో రెండు మిక్కిలి యోచింపదగినవనియు నెరిగినవారు తక్కువ.

ఈ రాజును కల్పించినవాడు లండను నగరమున న్యాయవాదిగా నుండిన థామస్ మోర్. 1515వ సంవత్సరమున ఎనిమిదవ హెన్రీ రాజు వర్తక సంబంధమైన రాయబారమున ఆయనను ఫ్లాండర్సు దేశమునకు పంపెను. అచ్చట తీరిక దొరకినపుడు ఆయన లాటిను భాషలో ఒక గ్రంథమును ప్రారంభించి, స్వదేశమునకు మరలివచ్చి ముగించెను. 1516వ సంవత్సరాంతమున లూవెయిన్ పట్టణమున అది అచ్చుపడినది. ఆయన స్నేహితుడును మహాపండితుడును అగు ఎరాస్మస్ అచ్చుపనికి కావలసిన యేర్పాట్లు చేసెను.

గ్రంథమునందలి కథ యిట్లున్నది. ఆంట్వర్ప్ నగరమున మోర్‌కు రాఫేల్ హిత్లోడే అను పోర్చుగీసు యాత్రికుడు కనబడును. ఎండకు నల్లబడిన ముఖము, పొడవైన గడ్డము గల యీ వృద్ధుడు అమెరిగో వెస్పూచీతో సముద్రయానము చేసి, కడపటి ప్రయాణమున ఇరువదినలుగురు మనుష్యులతో ఒక దూరపుకోటయందు నిలిచిపోయెనట. పిమ్మట దేశములు తిరిగి తిరిగి సింహళమునకును, అచ్చటినుండి మన మలబారు తీరమందలి కాలికట్టు రేవునకును చేరి, అచ్చట పోర్చుగీసు ఓడల నెక్కి యిల్లు చేరెనట. వాస్కో డ గామా కాలికట్టులో దిగినది 1498లో గనుక, ఆ పేరు నాటి చదువరులకు క్రొత్తదియు ఆశ్చర్యకరమైనదియునై యుండెను. లేని ద్వీపమునుండి ఉన్న ఐరోపాకు వచ్చుటకు మోర్ మన దేశము మీదుగనే త్రోవ వేసినాడన్నమాట.

ఇచ్చట విద్యార్థులొక సంగతిని గమనింపవలెను. మోర్ పెట్టిన పేర్లన్నియు గ్రీకుభాషలోని పరిహాసములు. 'యుటోపియా' యనగా 'లేనిచోటు.' ఆ దేశపు పెద్దనది పేరునకు 'నీరులేనిది' యని యర్థము. కథ చెప్పు హిత్లోడే పేరు విడదీసినచో 'వట్టిమాటలయందు నేర్పరి' యని వచ్చును. కావున ఈ గ్రంథమును చదువువారు పెదవులపై కొంచెము చిరునవ్వు నుంచుకొనియే చదువవలెను. నవ్వుచు చెప్పిన మాటలన్నియు తేలికమాటలు కావని మన పెద్దలకు తెలియనిది కాదు.

ఇక రాజు సంగతి. అతని తల్లిదండ్రులెవ్వరో, ఎచ్చట పుట్టెనో, ఎట్లు చనిపోయెనో గ్రంథమున చెప్పబడలేదు. అతడు పరదేశమునుండి సైన్యముతో వచ్చి 'అబ్రాక్సా' యను దేశమున దిగి, దిగిన తోడనే దానిని జయించెను. అందలి ప్రజలు మోటువారు, నాగరికత లేనివారు. పిమ్మట వారే చుట్టుపట్ల జనులందరికంటెను మర్యాదయందును విద్యయందును మిన్నలైరి. దేశమునకు అతని పేరే వచ్చినది. ఇంతవరకు పురాణములలోని దిగ్విజయములకును దీనికిని పెద్ద భేదము కానరాదు. భేదమంతయు విజయము తరువాత మొదలగును.

అబ్రాక్సా మొదట ద్వీపము కాదు. ఒక భూసంధి దానిని ఖండముతో కలుపుచుండెను. యుటోపస్ ఆ భూసంధిని పదునైదు మైళ్ల మేర త్రవ్వించి, సముద్రమును దేశము చుట్టును పారించెను. ఈ పనికి అతడు ఓడిపోయిన జనులను నియోగించెను. వారిని మాత్రమే నియోగించిన యెడల ఆ చాకిరి తమకు అవమానమని వారు కుందుదురని తలచి, జయించిన తన సైనికులనందరిని వారితో కలిపి పనిలో పెట్టెను. విజేతయు విజితుడును ఒకే గోతిలో దిగి మన్ను మోసిరి. అంతమంది చేతులు కలియుటచే పని నమ్మశక్యము కాని వేగముతో ముగిసెను. వెఱ్ఱిపని యని మొదట నవ్విన పొరుగువారు పిమ్మట ఆశ్చర్యపడుటయే గాక భయపడిరి కూడ.

ఈ కాలువను గూర్చి గ్రంథమున నున్నవి కొద్ది వాక్యములే. వానియందే ఆ రాజు స్వభావమంతయు తెలియుచున్నదని నా తలంపు. కల్పితమైన యీ కాలువను ఒక నిజమైన కాలువతో పోల్చి చూడుడు. సూయజు భూసంధిని త్రవ్వుట 1859లో ప్రారంభమై 1869లో ముగిసినది. మొదటి యేండ్లలో ఈజిప్టు రైతులను వేలకొలదిగా బలవంతముగ తోలుకొనివచ్చి పని చేయించిరి. కాలువ త్రవ్వించుట ఎవరికైనను సాధ్యమే. గెలిచినవాని చేతికి పార నిచ్చుటయే కష్టము.

కాలువ త్రవ్విన పిదప ఆ ద్వీపము నెలవంక ఆకారమున నుండెను. నడుమ దాని వెడల్పు రెండువందల మైళ్లు. అందు ఏబదినాలుగు పట్టణములు. అన్నిటను ఒకే భాష, ఒకే న్యాయము, ఒకే ఆచారము. ముఖ్యపట్టణమగు అమౌరోటమునకు పటము గీసినవాడు రాజే. వీథులు ఇరువది యడుగుల వెడల్పు. ప్రతి యింటి వెనుకను తోట. తోటలయందు రాజునకున్నంత శ్రద్ధ మరి దేనియందును ఉండలేదేమో యని హిత్లోడే చెప్పును. అయితే పట్టణమునకు కావలసిన సొగసును, తక్కిన మెరుగులను అతడు పూర్తిచేయక ముందుతరములవారికే విడిచెను. ఒక్కని యాయుర్దాయము ఆ పనికి చాలదని యతడెరుగును. తొలుత అచ్చటి యిండ్లు మట్టిగోడల గుడిసెలు, పైన గడ్డికప్పు. పదునేడువందల అరువది సంవత్సరముల వృత్తాంతము వారి గ్రంథములలో వ్రాయబడియున్నదనియు, హిత్లోడే చూచునాటికి ఆ గుడిసెలు మూడంతస్తుల మేడలైనవనియు కథ. తమ కట్టడములపై తమ పేరు తప్ప మరొకరి పేరు చెక్కనీయని రాజులను చరిత్రలో చాలమందిని చూచుచున్నాము. వారి నడుమ ఈ రాజు వింతగా కనబడును.

మరియొక వింత కలదు. ఇతని తరువాత సింహాసనమెక్కిన కుమారుని మాట గ్రంథమున లేదు. ముప్పది కుటుంబములకొక పెద్ద ఎన్నుకొనబడును. అట్టి పెద్దలు రెండువందలమంది రహస్యముగ ఓటులిచ్చి నగరపాలకుని ఏర్పరతురు. అతడు జీవితాంతము ఆ పదవియందుండవచ్చును గాని, ప్రజలను బానిసలుగ చేయజూచుచున్నాడను అనుమానము కలిగినచో తొలగింపబడును.

దినమునకు ఆరుగంటలే పని చేయుదురనియు, తాళములు లేవనియు, పదియేండ్లకొకమారు చీట్లువేసి యిండ్లు మార్చుకొందురనియు, బంగారముతో బానిసల సంకెళ్లు చేయింతురనియు గల ముచ్చటలు అందరును చెప్పుకొనునవే. వానిని వదలి, రాజు చేసిన రెండవ గొప్పపనికి వచ్చెదము.

యుటోపస్ ఆ దేశమును అంత సులభముగ ఎట్లు గెలిచెను? అతడు రాకపూర్వము అచ్చటి జనులు మతభేదములచే ఎడతెగక కలహించుచుండిరి. శత్రువు వచ్చినపుడును ఒక్కటిగా కూడలేదు. ఏ శాఖవారు ఆ శాఖగానే విడిగా నిలిచి యుద్ధము చేసిరి. ఈ చీలికయే తనకు గెలుపు తలుపు తెరచినదని రాజు గ్రహించెను. సామాన్యుడగు జేత ఏమి చేయును? తనకు లాభించిన ఆ చీలికను అట్లే నిలిపి, ఒకరిపై నొకరిని ఉసికొల్పి హాయిగా ఏలుకొనును. యుటోపస్ గద్దెనెక్కిన తోడనే దానికి విరుద్ధమైన శాసనము చేసెను.

ఆ శాసనము ప్రకారము ఎవడైనను తనకు నచ్చిన మతమును అవలంబింపవచ్చును. ఇతరులను తన మతములోనికి త్రిప్పుటకు ప్రయత్నింపను వచ్చును. ఆ ప్రయత్నము మాత్రము శాంతముగ, వినయముగ, యుక్తులు చూపి చేయవలెను. ఎదుటివాడు వినకపోయిన యెడల బలాత్కారము చేయరాదు, తిట్టరాదు. ఈ విషయమున మితిమీరి కలహించువానికి దేశభ్రష్టతయో దాస్యమో శిక్ష. ఈ శాసనము శాంతికొరకు మాత్రమే గాక మతముయొక్క మేలుకొరకును చేసినట్లు చెప్పబడినది. దేవుడు బహువిధములైన యారాధనను కోరి, వేర్వేరు మనుష్యులకు వేర్వేరు విధములుగ ప్రేరణ కలిగించెనేమో యని రాజు సందేహించెను. సత్యమైన మతము ఒక్కటే యైనను, మనుష్యులు నెమ్మదితో విచారించిన యెడల అది తన బలముచేతనే బయటపడుననియు, కత్తితోను అల్లరితోను నిర్ణయింపబూనిన యెడల ముండ్లపొదల నడుమ పైరువలె అణగిపోవుననియు అతని యూహ.

ఈ శాసనమునకు పరీక్షయు కథలోనే వచ్చినది. హిత్లోడేయు అతని తోడివారును యుటోపియాలో క్రీస్తును గూర్చి చెప్పగా, అనేకులు విని సంతోషించిరి, కొందరు బాప్తిస్మము పొందిరి. వారిలో నొకడు క్రొత్త యుత్సాహముచే, తోడివారు వలదన్నను వినక, బహిరంగముగ బోధింప మొదలుపెట్టెను. తన మతమే గొప్పదనుటతో ఆగక, తక్కిన మతములన్నియు అపవిత్రములనియు, వాని ననుసరించువారు నిత్యాగ్నిపాలగుదురనియు కేకలు వేసెను. అతనిని పట్టి విచారించి, దేశమునుండి వెడలగొట్టిరి. పరమతమును తృణీకరించినాడని కాక, జనులలో అల్లరి రేపినాడని అతనిపై నేరము మోపబడెను. క్రైస్తవుడగు గ్రంథకర్త క్రైస్తవుని పక్షము వహింపక యీ కథ వ్రాసెననుట గమనింపదగినది. ఇంటిలో నొకరు ఒక దేవాలయమునకు, పొరుగువారు మరియొక దానికి పోవు మన యూళ్లలో పుట్టిపెరిగినవారికి ఈ భాగము పరదేశపు కథగా తోచదు.

అయితే శాసనమున ఒక మినహాయింపు కలదు. ఆత్మ దేహముతోనే నశించుననియు, లోకము దైవపాలన లేక తనంత తాను నడచుననియు నమ్మువానికి గౌరవముగాని ఉద్యోగముగాని ఇయ్యరు. వానిని దండింపరు, బెదరింపరు. నమ్మకము ఒకని యిష్టముచే కలుగునది కాదని వారి యభిప్రాయము. కాని సామాన్యజనుల నడుమ వాడు తన వాదమును చెప్పరాదు. పండితులతోను మతాచార్యులతోను ఎంతైనను వాదింపవచ్చును. శాసనమంతటిలో నాకు బలహీనముగ తోచునది యీ భాగమే. తలుపును అంత విశాలముగ తెరచిన రాజు చివరకు ఒక రెక్క మూసివైచెను. రాజ్యమున వేరు లోపములును కలవు. బానిసలున్నారు. ఒక పట్టణమునుండి మరియొక పట్టణమునకు సెలవుచీటి లేక పోయిన శిక్ష. జనసంఖ్య పెరిగినపుడు పొరుగువారి బీడుభూమిని ఆక్రమించి, వారడ్డగించిన యుద్ధము చేయుదురు. ఈ కడపటి న్యాయము తరువాతి శతాబ్దములలో ఎన్ని దేశములను చెరిచినదో చరిత్ర విద్యార్థులకు చెప్పనక్కరలేదు.

కల్పితరాజు చరిత్ర యింతటితో సరి. అతని శాసనమునకు అసలైన పరీక్ష యుటోపియాలో గాక ఇంగ్లండులో జరిగినది. గ్రంథము వెలువడిన మరుసటి యేడు, అనగా 1517లో, జర్మనీయందు మార్టిన్ లూథరు ఉద్యమము ప్రారంభమైనది. అంతవరకు పుస్తకములోని ప్రశ్నగా నున్నది వీథిలోని ప్రశ్న యయ్యెను. మోర్ క్రొత్తమార్గమునకు గట్టి విరోధి. క్రొత్తనిబంధనను ఇంగ్లీషులోనికి మార్చిన విలియం టిండేలును ఖండించుచు ఆయన పెద్ద పెద్ద గ్రంథములు వ్రాసెను. 1529లో ఆయన రాజ్యమునకు ఛాన్సలరయ్యెను. ఆయన ఆ యధికారమున నుండిన కాలమున మతద్రోహులని తీర్పుపొందిన ఆరుగురు సజీవముగ దహింపబడిరి. ఆయన దానికి చింతింపలేదు, సమర్థించెను.

యుటోపస్ శాసనమును వ్రాసిన చేయియు ఈ చేయియు నొక్కటియేనా యని చదువరులు నాటినుండి అడుగుచునే యున్నారు. ఆ శాసనము కేవలము పరిహాసమని కొందరందురు. దైవవాక్యమెరుగని అన్యదేశమునకే అది తగునని మోర్ తలంచెనని మరికొందరందురు. నా మట్టుకు ఈ రెండు సమాధానములును చాలవు. యుటోపస్ వాదము అంత నిండుగ, అంత ప్రేమతో వ్రాయబడినది గనుక దానిని హాస్యమనలేము. దూరపు ద్వీపమునందు చక్కగా కనబడిన న్యాయము, తన యింటికి నిప్పంటుకొన్నదని తలంచిన దినమున ఆయనకు కనబడలేదు. తరువాత ఆయనయే అదే న్యాయము కావలసిన స్థితికి వచ్చెను. హెన్రీ రాజు తానే ఇంగ్లండు సంఘమునకు శిరస్సునని ప్రకటింపగా, మోర్ మనస్సాక్షి అందులకు ఒప్పుకొనలేదు. 1532లో పదవిని విడిచెను. 1534లో లండను టవరున ఖైదు చేయబడెను. కోరిన ప్రమాణమును చేయలేదు, చేసినవారిని నిందింపనులేదు. తన నమ్మకమును తనయందే యుంచుకొని మౌనము వహించెను. 1535వ సంవత్సరము జూలై 6వ తేదీన ఆయన శిరస్సు ఖండింపబడెను. మరుసటి యేడు టిండేలును, ఫ్లాండర్సు ప్రాంతమున పట్టుబడి, మరియొక రాజు ఆజ్ఞచే చంపబడెను. ఇరువురును శత్రువులు, ఇరువురును మనస్సాక్షి కొరకే మృతిపొందిరి. రోమను కథోలికసంఘము 1935లో మోర్‌ను పరిశుద్ధునిగ ప్రకటించినది.

యుటోపస్ యశస్సు గ్రంథములలో ఎన్నో శాఖలుగా వ్యాపించినది. 1551లో రాల్ఫ్ రాబిన్సన్ దానిని ఇంగ్లీషులోనికి మార్చెను. ఫ్రాన్సిస్ బేకన్ తన 'న్యూ అట్లాంటిస్' గ్రంథమున సోలమోనా యను మరియొక శాసనకర్తయగు రాజును కల్పించెను. వీనికన్నిటికంటెను చెప్పుకొనదగినది పుస్తకమునుండి నేలమీదికి దిగిన యొక ప్రయత్నము.

స్పెయిను దేశీయుడగు వాస్కో దె కిరోగా యను న్యాయాధిపతి 1531లో మెక్సికోకు వచ్చెను. స్పానియార్డులు ఆ దేశమును జయించి అప్పటికి పదియేండ్లు. మిచోవాకాను ప్రాంతపు రాజును ఒక స్పానిష్ అధికారి 1530లో హింసించి చంపించియుండెను. జనులు కొండలకు పారిపోయిరి. కిరోగా మోర్ గ్రంథమును చదివి, దానిని కేవలము కథగా విడువక, అట్టి గ్రామమునే కట్టదలచెను. తన జీతపు సొమ్ముతో భూమి కొని, మెక్సికో నగరమునకు చేరువను ఒకటియు, పాత్‌స్క్వారో సరస్సు ఒడ్డున మరియొకటియు స్థాపించి, రెంటికిని సాంతా ఫే యని పేరు పెట్టెను. భూమి ఉమ్మడి. దినమునకు ఆరుగంటల పని. పంటలో మిగిలినది రోగులకును, అనాథలకును, విధవలకును. పెద్దలను జనులే ఎన్నుకొందురు. 1535లో స్పెయినునకు వ్రాసిన విజ్ఞాపనమున ఆయన థామస్ మోర్ పేరెత్తి, తన యేర్పాటునకు మాదిరి ఆయన గ్రంథమేనని తెలిపెను. లండనులో మోర్ చంపబడినదియు ఆ సంవత్సరముననే.

కిరోగా ఆ గ్రంథమునుండి ఉమ్మడి గాదెను, పనిగంటలను తీసికొనెను. మతమును గూర్చిన శాసనమును మాత్రము తీసికొనలేదు. అవి క్రైస్తవ గ్రామములుగనే యేర్పడినవి. ఆ శాసనమును ముట్టుకొనుటకు మోర్‌కే కష్టమైనపుడు కిరోగాను ఏమనగలము? అయినను కొరడాదెబ్బ తప్ప మరియొకటి యెరుగని ఆ జనులకు ఆయన పాలనము ఎట్లుండెనో వారు పెట్టుకొన్న పేరే చెప్పుచున్నది. వారాయనను 'తాతా వాస్కో' యని పిలిచిరి. అచ్చట 'తాతా' యనగా తండ్రి. మనకు ఆ మాట వినబడగానే మరియొక తరము ముందటి పెద్దవాడు కనబడును. పిమ్మట మిచోవాకానునకు మొదటి బిషప్పై, 1565లో మరణించువరకును ఆయన ఆ గ్రామముల మేలు చూచుచుండెను.

రాజధానికి చేరువనున్న సాంతా ఫే పరిసరములు నేడు అద్దపుగోడల వర్తకసౌధములతో నిండియున్నవి. సరస్సు ఒడ్డున నున్న సాంతా ఫేలో నేటికిని కుమ్మరులు మెరుగుపూత గల కుండలు చేయుచున్నారు.